దసరాకు కంప్యూటర్ కడిగిన వైనం

ఆ రోజుల్లో కంప్యూటర్ ముందు కూర్చున్నవాణ్ని మా వైపు జనం డాక్టర్ పక్కన నిలబడ్డ కాంపౌండర్‌ను చూసినట్టు చూసేవాళ్లు. వాడికి ఏమీ తెలియకపోయినా ఏదో తెలిసే ఉంటుందని గట్టి నమ్మకం. ఆ నమ్మకం నీడలో నేను రెండేళ్లు హాయిగా బతికాను. ఇంటర్ గట్టెక్కి, కరీంనగర్‌లో మూడు నెలల కోర్సు చేసి (అందులో ఒక నెల కరెంటు లేదు, ఇంకో నెల మాకు చెప్పే సార్ పెళ్లి), చొప్పదండి బస్టాండు దగ్గర ఒక ఇంటర్నెట్ సెంటర్‌లో పనికి కుదిరాను. మా ఊరి నుంచి అక్కడికి బస్సులో అరగంట. మా ఇంట్లో తాత, బాపు, చిన్నాయన అందరూ మరమగ్గాల మీద బతికినవాళ్లే. మరమగ్గాన్ని మేం సాంచా అంటాం. ఆ సాంచాల చప్పుడులో పుట్టి పెరిగిన నాకు, చప్పుడే చేయకుండా పని చేసే యంత్రం ఒకటి ఉందని తెలిసిన రోజు దానికి చెవి ఆనించి విన్నాను. ఇంత నిమ్మళంగా ఉన్న వస్తువు మనల్ని ఏం చేస్తుందిలే అనుకున్నాను. అక్కడే పప్పులో కాలేశాను.

సెంటర్ యజమానిని ఊరంతా కవర్ల సార్ అనేవాళ్లు. ఆయన దేనికైనా సరే ప్లాస్టిక్ కవర్ తొడిగేవాడు. కీబోర్డుకు కవరు, మౌసుకు కవరు, స్కూటర్ సీటుకు కవరు. ఆ మండలం మొత్తంలో మొదటి పెన్‌డ్రైవ్ ఆయనదే. దాన్ని కూడా చిన్న కవర్లో పెట్టి, నల్లదారం కట్టి, తాయెత్తులాగా మెడలో వేసుకుని తిరిగేవాడు. మనిషి మంచివాడు. కాని పక్కనే ఉన్న ఫోటో స్టూడియో ఆయనతో మాత్రం ఏడాదిగా మాటల్లేవు. స్టూడియో ఆయన కట్టించిన పెద్ద బోర్డు మా బోర్డులో సగాన్ని మింగేసిందని మా సార్ బాధ. స్టూడియో ఆయనకు స్మైల్ అన్న అని పేరు. వచ్చినవాళ్లందరితో "స్మైల్, స్మైల్" అంటాడు గాని, తాను నవ్వగా చూసినవాడు చొప్పదండిలో లేడు. ఈ ఇద్దరి మధ్య ఒకే గోడ. ఆ గోడకు అటూ ఇటూ ఇద్దరూ ఒకే టీ కొట్టు నుంచి వేర్వేరుగా టీ తెప్పించుకునేవాళ్లు.

ఆ ఏడు దసరా గురువారం నాడు వచ్చింది. బుధవారం పొద్దున సార్ దుకాణంలోకి రాగానే, "ఏరా, రేపు పూజ. దుకాణం అద్దం లెక్క మెరువాలె. పైపైన కాదు, లోపలికెళ్లి సాఫ్ జెయ్యాలె" అన్నాడు. లోపలికెళ్లి, అంటే లోపలి నుంచి అనే ఆ మాట నాకు మరీ గట్టిగా తగిలింది. దసరా ముందు రోజు మా ఇంట్లో ఏం జరుగుతుందో మీకు చెప్పాలి. సాంచాలు ఆపేస్తారు. వాటి సందుల్లో ఏడాదంతా పేరుకున్న నూలు దుమ్మును తీస్తారు, నూనె మరకలు తుడుస్తారు, తెగి పడిన పోగులు, అరిగిపోయిన ముక్కలు, ఎందుకు దాచామో తెలియని మేకులు అన్నీ ఊడ్చి పారేస్తారు. ఆ తర్వాతే పసుపు, కుంకుమ. మురికి మీద బొట్టు పెడితే పాపమని మా అవ్వ చెప్పేది. అలా పెరిగిన నేను కంప్యూటర్ పైడబ్బా ఒక్కటే తుడిచి ఊరుకుంటానా? నాలుగు కంప్యూటర్లు ఉన్నాయి. నాలుగింటినీ లోపలి నుంచి కడగాలని నిర్ణయించుకున్నాను.

మొదట ఆటలు తీసేశాను. ఎవరూ ఆడని కార్ల పందెం ఆట ఒకటి ఉండేది. దాన్ని తీసేస్తుంటే మధ్యలో ఒక చిన్న పెట్టె తెరుచుకుంది. దాంట్లో ఇంగ్లీషులో రాసి ఉన్నదాని సారాంశం ఇది: "అయ్యా, ఈ ఫైలు ఉమ్మడి సొత్తు. నాకు తెలిసి ఇప్పుడెవరూ వాడటం లేదు. కాని నా లెక్క తప్పు కావచ్చు. ఒకవేళ ఎవరైనా వాడుతుంటే వాళ్ల పని ఆగిపోతుంది. తీసేయమంటావా?" ఇప్పుడు తలుచుకుంటే ఆ యంత్రం ఎంత మర్యాదగా, ఎంత పెద్దమనిషి తరహాలో అడిగిందో అనిపిస్తుంది. అప్పుడు మాత్రం విసుగొచ్చింది. కింద నాలుగు మీటలున్నాయి. అవును, కాదు, అన్నిటికీ అవును, అన్నిటికీ కాదు. నేను ఏది నొక్కానో మీరు ఊహించే ఉంటారు. పైగా ఆ ఫైళ్ల పేర్ల చివర డీఎల్ఎల్ అని ఉంది. మీట నొక్కకముందే వాటిలో ఒకదాన్ని తెరిచి చూద్దామనుకుంటే, దీన్ని ఎలా తెరవాలో నాకే తెలియదని కంప్యూటర్ చేతులెత్తేసింది. తెరుచుకోని డబ్బా ఇంట్లో ఎందుకు అనుకున్నాను. నాలుగింటిలోనూ అదే పని చేసి, చెత్తబుట్ట కూడా ఖాళీ చేసి, చేతులు కడుక్కున్నాను. (నిజంగానే కడుక్కున్నాను. అలవాటు.)

మర్నాడు పూజ బ్రహ్మాండంగా జరిగింది. మానిటర్లకు బంతిపూల దండలు, ఒక్కో కీబోర్డుకు ఒక్కో నిమ్మకాయ. సాంకేతిక పరికరమేదీ దేవుడి దయకు దూరం కాకూడదని, ప్రోగ్రాంల సీడీలన్నీ కవర్లలోంచి తీసి, మెరిసే వైపు తడి పసుపు రాసి, మధ్యలో కుంకుమ బొట్టు పెట్టాను. మెరిసే వైపే ఎందుకంటే అటువైపు అందంగా కనిపించింది కాబట్టి. సాయంత్రం జమ్మి ఆకు తెచ్చి మానిటర్ల మీద పెట్టాం. ఆ ఆకు చేతిలో పెట్టి వాటేసుకోవడమే మా వైపు దసరా అలాయ్ బలాయ్, దాంతో పాత కోపాలు పోతాయంటారు. సార్ నాకు అలాయ్ బలాయ్ ఇచ్చి, "నువ్వు పనోనివి కాదురా, ఇంటోనివి" అన్నాడు. నా గుండె ఉబ్బిపోయింది. పూజ చేసిన సామాను ఆ రోజు నడపకూడదు కాబట్టి కంప్యూటర్లు వేసి చూడలేదు. వాటి మీద ఎంత ఘనకార్యం చేశానో తెలియకుండానే ఇంటికి వెళ్లి కడుపునిండా తిన్నాను.

ఇప్పుడు మా అక్క సంగతి. అక్కను మా పక్క ఊరికే ఇచ్చాం. బావ దుబాయిలో. అక్కకు రెండో నెల ఉండగా అక్కడికి వెళ్లాడు. బిడ్డ పుట్టి ఆ శుక్రవారానికి ఇరవై ఒకటో రోజు. ఆ రోజు పురుడు చేసి, బిడ్డను తొట్టెలో వేసి, పేరు పెట్టాలి. పేరు తండ్రే బిడ్డ చెవిలో మూడుసార్లు చెప్పాలని వాళ్లింటి ఆచారం. తండ్రేమో సముద్రం అవతల. అయ్యగారు పంచాంగం చూసి, పదకొండు నుంచి పన్నెండు లోపల చెప్పాలి, పన్నెండు దాటితే దుర్ముహూర్తం అని తేల్చాడు. అక్క అత్తగారు ముందే షరతు పెట్టింది: "ఆలోపు వాడు చెప్తె చెప్పనియ్యి. లేకుంటె మా అత్త పేరే. లచ్చవ్వ." బావ ఏదో పేరు మనసులో అనుకున్నాడట గాని, ఎవరికీ చెప్పలేదు. బిడ్డ చెవిలోనే చెప్తా, అందాకా ఎవరూ అడగొద్దన్నాడు. బావ ఉండే పనివాళ్ల కాంపులో పదిమందికి ఒకే కంప్యూటర్. శుక్రవారం సెలవు కాబట్టి ఒక్కొక్కరికి ఒక్కో గంట. బావ వంతు, మన లెక్కలో, పదకొండు నుంచి పన్నెండు. సరిగ్గా కుదిరింది. ఈ ఏర్పాటంతా ఎవరు చేశారనుకున్నారు? నేనే. "అక్కా, బావ మొఖం జూసుకుంట పేరు వెట్టిపిస్త. హెడ్‌ఫోను బిడ్డ చెవికి వెడ్త. నువ్వేం ఫికర్ జెయ్యకు" అని వారం రోజుల ముందే ఛాతీ విరిచి చెప్పాను. అక్క బంధువులందరికీ చెప్పుకుంది.

శుక్రవారం పదకొండుకు పది నిమిషాలుండగా ఆటో దిగారు. అక్క, కొత్త బట్టలో చుట్టిన బిడ్డ, ఇత్తడి పళ్లెంలో కుడుకలు (ఎండు కొబ్బరి చిప్పలు), బెల్లం పట్టుకున్న అత్త (అక్క అత్తగారు నాకూ వరసకు అత్తే), వాళ్ల వెంట మా చిన్నాయన. చిన్నాయనను అందరూ అతుకుల చిన్నాయన అంటారు. సాంచా మీద బీము, అంటే పడుగు నూలు చుట్టిన పెద్ద కడ్డీ, అయిపోయినప్పుడు పాత పోగుల కొసలకు కొత్త బీము పోగుల కొసలు ఒక్కొక్కటే అతకాలి. వైపని అంటారు దాన్ని. వేల పోగులు. ఆ పని వచ్చినవాళ్లు మా ఊళ్లో నలుగురే. ఏ సాంచాల షెడ్డుకు ఎప్పుడు కావాలంటే అప్పుడు చిన్నాయన అక్కడికి పోతాడు. ఆయనకు సొంత సాంచా లేదు, సొంత షెడ్డు లేదు. నేను అందరినీ మంచి కుర్చీల్లో కూర్చోబెట్టి, దండలు వేసుకున్న ఒకటో నంబర్ కంప్యూటర్‌ను ఆన్ చేసి, వీడియోలో మాట్లాడే ప్రోగ్రాం మీద దర్జాగా నొక్కాను.

తెల్ల పెట్టె ఒకటి వచ్చింది. అందులో ఎర్ర గుండ్రంలో గుణకారం గుర్తు. పొడుగాటి పేరొకటి, దాని చివర డీఎల్ఎల్, అది దొరకలేదు, కాబట్టి నేను నడవను. అంతే. ఇంకోసారి నొక్కాను. మళ్లీ అదే. రెండో కంప్యూటర్, అదే. మూడోది, నాలుగోది, అక్షరం తేడా లేకుండా అదే మాట. నాలుగు తెరల మీద నాలుగు ఎర్ర గుండ్రాలు. బుధవారం నాడు నేను నొక్కిన మీట కళ్ల ముందు కనబడింది.  ఆ ఫైలు కార్ల ఆటది కాదు. అది ఎవరిదీ కాదు. ఆటా వాడుకుంది, వీడియో ప్రోగ్రామూ వాడుకుంటోంది. దాన్ని నేను, ఉమ్మడి సొత్తు అని యంత్రమే మొత్తుకున్నా వినకుండా, చేతులారా ఊడ్చేశాను.

"ఏమైంది తమ్మీ?" అంది అక్క. "ఏంలేదక్కా, జర గరం గావాలె" అన్నాను. (కంప్యూటర్ వేడెక్కితేనే నడుస్తుందని అప్పటికప్పుడు పుట్టించిన శాస్త్రం. అక్క నమ్మి, దాని వెనక చెయ్యి పెట్టి చూసింది.) ఇంటర్నెట్ మాత్రం నడుస్తోంది. గబగబా ఆ పొడుగాటి పేరు కొట్టి వెతికాను. ఆ ఫైలు ఉచితంగా ఇస్తామని ఒక సైటు పిలిచింది. నొక్కగానే తెర మీదికి ఒకదాని మీద ఒకటి పదిహేను కిటికీలు తెరుచుకున్నాయి. ఒకదాంట్లో లాటరీ తగిలిందని చెప్పారు, ఇంకోదాంట్లో బట్టలు తక్కువైన ఒకావిడ చెయ్యూపింది. అత్త గట్టిగా, "ఎవ్వతిరా గది? నా కొడుకు గదిల ఉంటదా?" అంది. "కాదత్తా, అడ్వర్టైజు, అడ్వర్టైజు" అని చేతులతో తెర మూశాను. ఎలాగో ఆ ఫైలు దింపి, ఉండాల్సిన చోట పెట్టి, ప్రోగ్రాం నొక్కితే ఈసారి కొత్త పెట్టె. ఫైలైతే ఉంది గాని, నాకు కావలసింది దీంట్లో లేదు అంది. పేరు అదే, సరుకు వేరు. ఏ కాలం నాటిదో అంటగట్టారు. గోడ గడియారం పదకొండుంబావు చూపిస్తోంది.

"సార్, సీడీ" అన్నాను. కవర్ల సార్ అప్పటికే పరేషాన్‌లో పడి సీడీల డబ్బా తెచ్చాడు. ప్రోగ్రాం మొత్తం మళ్లీ వేసుకుంటే ఆ ఫైలూ వస్తుంది కదా! సీడీ బయటికి తీశాను. మెరిసే వైపు పసుపు ఎండి, పెచ్చుకట్టి, మధ్యలో బొట్టు చక్కగా నవ్వుతోంది. డ్రైవులో పెడితే అది గిరగిరా తిరిగి, గుర్రుమని, దగ్గి, బయటికి నెట్టేసింది. అంగీ కొసతో తుడిచాను, పసుపు ఇంకా పరుచుకుంది. నీళ్లతో తుడిచాను, కుంకుమ కూడా కలిసింది. సార్ ఇంకో సీడీ, ఇంకో సీడీ అందిస్తూనే ఉన్నాడు. అన్నీ ముత్తయిదువుల్లా ఉన్నాయి. నా పది వేళ్లు పచ్చగా అయ్యాయి. "ఎవడ్రా గిట్ల పూసింది?" అన్నాడు సార్. "మీరే కదా సార్, లోపలికెళ్లి అన్నరు" అన్నాను, ఏడుపు గొంతుతో. ప్రోగ్రాంను ఇంటర్నెట్ నుంచే మొత్తం దింపుదామంటే, అప్పటి మా లైనుకు అది ఆదివారానికి దిగుతుంది. బిడ్డ ఏడవడం మొదలుపెట్టింది. అక్క బిడ్డను భుజాన వేసుకుని గడియారం వైపు చూసింది. ఆ చూపు నాకు ఇప్పటికీ గుర్తే. తిట్టినా బాగుండేది.

అప్పుడు అతుకుల చిన్నాయన నా పక్కకు కుర్చీ జరుపుకుని, "ఏం బోయిందో సక్కగ చెప్పురా కొడుకా" అన్నాడు. చెప్పాను. ఒక ఫైలు పోయింది చిన్నాయనా, అది దేనికీ సొంతం కాదు, నాలుగైదు ప్రోగ్రాంలు దాంతోనే పని చేయించుకుంటాయి, పనికిరాదనుకుని తీసేసిన అన్నాను. ఆయన మొహం ముడుచుకుంది. "అంటె నా అసొంటిదన్నట్టు. సొంత సాంచ లేదని నన్ను ఊర్లకెళ్లి ఎల్లగొట్టినవ్" అన్నాడు. నేను తల దించుకున్నాను. ఆయన నవ్వేశాడు. "గట్ల మొఖం వేలాడెయ్యకు. ఒక షెడ్డుల నేను లేకుంటె ఏంజేస్తరు? ఇంకో షెడ్డుల ఉన్ననేమో అని అడుగవోతరు. గా ఫైలుతోని పనివడే ప్రోగ్రాము ఇంకెవ్వలింట్ల లేదా? గీ ఊరు మొత్తంల నీ నాలుగే కంప్యూటర్లా?"

ఎగిరి లేచాను. ఉంది! గోడకు అవతల ఉంది! ఇద్దరికీ మాటలున్న రోజుల్లో స్మైల్ అన్న కంప్యూటర్లో పెళ్లి ఆల్బముల ప్రోగ్రాం వేసింది నేనే. వేసేటప్పుడు ఒక ఫైలు దగ్గర పది నిమిషాలు ఆగిపోతే, ఆ పేరు చూస్తూ కూర్చున్నాను. ఆ పొడుగాటి పేరే! అరుచుకుంటూ బయటికి పరుగెత్తాను, వెనక చిన్నాయన. స్టూడియోలో స్మైల్ అన్న, దండ వేసిన కంప్యూటర్ పక్కన వక్కపలుకు నములుతూ కూర్చున్నాడు. ఒక్క గుక్కలో అంతా చెప్పాను. ఆయన మొహంలో కండరం కదల్లేదు. "పూజ జేసిన సామాను. ఆదివారం మంచి టైముకే నేను ముట్టేది. అయిన మీ సార్ దుకాణం కోసం నేనెందుకు తెరువాలె?" అన్నాడు. "సార్ కోసం కాదన్నా, మా అక్క బిడ్డ కోసం." "గట్లయితె మీ సార్‌నే అడుగుమను. దసర పోయింది. పక్క పొంటి ఉండి జమ్మన్న ఇయ్యలే." ఆ చివరి మాట అన్నప్పుడు మాత్రం ఆయన నా వైపు చూడలేదు. కోపం బోర్డు గురించి కాదని, రాని జమ్మి గురించి అని నాకు అప్పుడు అర్థమైంది.

మళ్లీ పరుగున వెనక్కి వచ్చాను. పదకొండున్నర దాటింది. "సార్, మీరు అచ్చి జమ్మి ఇస్తెనే ఇస్తడట." సార్ గడ్డం పైకెత్తి, "వాని బోర్డు జరుపుమను ముందుగాల" అన్నాడు.  అంతవరకు పళ్లెం ఒళ్లో పెట్టుకుని కూర్చున్న అత్త లేచింది. నిజానికి ఆమెకు తొందరేముంది? ఇంకో అరగంట ఊరికే కూర్చుంటే లచ్చవ్వ పేరే ఖాయం. ఆమె నేరుగా ఒకటో నంబర్ మానిటర్ దగ్గరికి వెళ్లి, దాని మీది జమ్మి ఆకులు తీసి, సార్ చేతిలో పెట్టింది. "సారూ, పేరుదేమున్నది, రేపు వెట్టుకుంటం. నా కొడుకును జూడక తొమ్మిది నెల్లాయె. బక్కగైండా, మంచిగున్నడా, ఎవ్వలు జెప్పరు. ఫోన్ల మంచిగున్న అనే అంటడు. ఒక్కపారి మొఖం సూపియ్యి. నీ బోర్డు నేనే జరిపిస్త, పో" అంది. సార్ ఆ ఆకుల వైపు, ఆమె వైపు చూశాడు. కళ్లజోడు సర్దుకుని, చెప్పులు కూడా వేసుకోకుండా బయటికి నడిచాడు.

ఆ అలాయ్ బలాయ్‌ను నేను దగ్గరుండి చూశాను. సార్ జమ్మి అందించాడు. స్మైల్ అన్న వక్క ఉమ్మేసి వచ్చి, రెండు చేతులా తీసుకుని కళ్లకు అద్దుకున్నాడు. ఇద్దరూ ఒకరినొకరు వాటేసుకున్నారు. మధ్యలో సార్ మెడలో ఉన్న పెన్‌డ్రైవ్ స్మైల్ అన్న ఛాతీలో గుచ్చుకుంటే ఆయన, "అబ్బ! ఏందన్నా ఇది?" అన్నాడు. "అన్నా" అనడం విని సార్ కళ్లు తుడుచుకున్నాడు. నాకేమో అవతల నిమిషాలు కారిపోతున్నాయి. "సార్, ఏడ్సుడు తర్వాత, గది ఇటియ్యుండ్రి" అని ఆయన మెడలోంచి దారం లాగేశాను. స్మైల్ అన్నకు ఇంకా ఒక శంక: పూజ సామాను ముట్టుకోవచ్చా? చిన్నాయన వెంటనే, "ముట్టుకునుడు ఎక్కడిది? దండం వెట్టి జర ప్రసాదం దీసుకునుడు" అన్నాడు. స్మైల్ అన్న కంప్యూటర్‌కు నిజంగానే దండం పెట్టి ఆన్ చేశాడు. అది తెరుచుకునేదాకా నలుగురం తెర ముందే నిలబడ్డాం. వెతికాను. ఉంది! అదే పేరు, చివర అదే డీఎల్ఎల్. మొన్న చెత్త అనుకున్న ఆ అక్షరాలను చూస్తే ముద్దు పెట్టుకోవాలనిపించింది. పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించాను, తాయెత్తును గుప్పిట్లో పట్టుకుని పరుగెత్తాను.

పదకొండు నలభై ఎనిమిది. ఫైలు దాని చోట పెట్టాను. అందరూ నా వెనక గుమిగూడారు. నొక్కాను. ఒక క్షణం ఏమీ కాలేదు. ఆ తర్వాత ఎర్ర గుండ్రం రాలేదు! నీలం కిటికీ తెరుచుకుంది. అందులో బావ పేరొక్కటే మినుకుమినుకుమంటోంది. ఆయన దాదాపు గంట నుంచి పిలిచి పిలిచి అలిసిపోతున్నాడు. నేను ఎత్తాను. ముందు గళ్లు గళ్లుగా ఏదో కదిలింది, తర్వాత ఆ గళ్లలోంచి బావ మొహం తయారైంది. కొత్త అంగీ తొడుక్కుని, తల నున్నగా దువ్వుకుని, బొట్టు కూడా పెట్టుకుని కూర్చున్నాడు. "ఓ కొడుకా!" అని అత్త తెర మీద చెయ్యి పెట్టింది. ఆమె చెయ్యి బావ మొహం మొత్తం కప్పేసింది. అక్క బిడ్డను ఎత్తి చూపించింది. బావ కుర్చీ ముందుకు జరుపుకున్నాడు, అక్క బిడ్డ మొహం మీది బట్ట తొలగించింది. ఇద్దరూ అలాగే చూసుకుంటూ కూర్చుంటే గోడ గడియారం యాభై మూడుకు వచ్చింది. చివరికి చిన్నాయనే, "సూసుడు శానయింది, పేరు చెప్పుండ్రి" అని అరిచాడు.

స్పీకర్ తీగ పీకి హెడ్‌ఫోన్ తీగ గుచ్చాను. ఆ హెడ్‌ఫోను బిడ్డ తలకాయ కంటే పెద్దది. ఒక వైపు దాన్ని చేత్తో పట్టుకుని బిడ్డ చెవికి ఆనించాను. బావ మైకు దగ్గరికి వంగి, కళ్లు మూసుకుని, పెదవులు మూడుసార్లు కదిపాడు. ఏడుస్తున్న బిడ్డ టక్కున ఆగింది. ముఖం అటు తిప్పి, నిలకడగా విన్నది.  అత్త బెల్లం ముక్క చేతిలోకి తీసుకుని, "ఇగ చెప్పుండ్రి, ఏం పేరు?" అంది. అందరం ఒకరి మొహం ఒకరం చూసుకున్నాం. పేరు హెడ్‌ఫోన్లో వచ్చింది. హెడ్‌ఫోను బిడ్డ చెవి దగ్గర ఉంది. ప్రపంచంలో ఆ పేరు తెలిసినవాళ్లు ఇద్దరే, ఒకరు దుబాయిలో, ఇంకొకరికి మాటలు రావు. నేను హెడ్‌ఫోను అలాగే పట్టుకుని, రెండో చేత్తో గాభరాగా స్పీకర్ తీగ వెతుకుతుంటే అదే క్షణంలో లైను ఆగిపోయింది. తెర మీద బావ బొమ్మ బిగుసుకుపోయింది.

ఇంక అయిపోయింది, లచ్చవ్వే అనుకున్నాను. అప్పుడు అక్క చిన్నగా నవ్వింది. "తమ్మీ, ఆయన చెయ్యి జూడు" అంది. ఆగిపోయిన బొమ్మలో బావ అరచెయ్యి మా వైపు ఎత్తి ఉంది. అది చెయ్యి ఊపడం అనుకున్నాను. కాదు. అరచేతిలో పెన్నుతో పెద్ద పెద్ద అక్షరాలు రాసుకున్నాడు. మమత. అక్కకు కనబడాలని ముందే రాసుకుని వచ్చి కూర్చున్నాడట. లైను నడుస్తూ ఉంటే ఆ చెయ్యి అర నిమిషంలో దిగిపోయేది, మేం చూసేవాళ్లం కాదు. ఆగిపోవడం వల్ల అది అలాగే నిలబడింది. గడియారం పన్నెండుకు ఇంకా రెండు నిమిషాలు ఉందని చూపిస్తోంది. అత్త ఆ అక్షరాలు చదవలేదు గాని, అక్క చదివి చెబితే రెండుసార్లు నోట్లో తిప్పుకుని చూసుకుంది. బెల్లం బిడ్డ పెదవికి రాసి, "మంచిగనే ఉన్నది. నేను మాత్రం లచ్చవ్వనే అంట" అంది. ఆ మాట మీదే చివరిదాకా నిలబడింది.

"ఎవ్వలు కదలకుండ్రి!" అని తలుపు దగ్గర్నుంచి కేక. స్మైల్ అన్న, మెడలో కెమెరా. పూజ సామాను ఆదివారం దాకా ముట్టనన్న మనిషి, పూలదండ కూడా తీయకుండా కెమెరా పట్టుకొచ్చాడు. "స్మైల్" అనలేదు. అవసరం రాలేదు. కెమెరా దించినప్పుడు చూస్తే, ఆయనే నవ్వుతున్నాడు.

ఆ ఫోటో ఇప్పుడు మా అక్క ఇంట్లో టీవీ పైన ఉంది. బావ ఎప్పుడో తిరిగొచ్చి సుల్తానాబాద్‌లో కిరాణా దుకాణం పెట్టుకున్నాడు. అత్త, చిన్నాయన లేరు. స్మైల్ అన్న మర్నాడే బోర్డు జరిపాడు, కవర్ల సార్ దానికి మంచి ప్లాస్టిక్ కవరు కుట్టించాడు. మా మేనకోడలు కరీంనగర్‌లో కంప్యూటర్ చదువే చదువుతోంది. మొన్న నా లాప్‌టాప్‌లో ఏదో ఎర్ర గుండ్రం వస్తే ఫోన్ చేశాను. "మామా, దసర దగ్గరికచ్చింది, ఏమన్న సాఫ్ జేసినవా?" అని మొదటి ప్రశ్నే అది. లేదమ్మా అన్నాను. నిజంగానే లేదు. ఆనాటి నుంచి ఏ యంత్రం ఏది తీసేయమంటావా అని అడిగినా కాదు అనే నొక్కుతున్నాను. అందువల్ల నా ఫోన్ ఎప్పుడూ నిండిపోయి ఉంటుంది. దసరాకు పైన పొడి బట్టతో తుడిచి, ఒక్క బొట్టు పెట్టి ఊరుకుంటాను.

అక్క ఇంటికి వెళ్లినప్పుడల్లా ఆ ఫోటో ముందు కాసేపు నిలబడతాను. తెరలో బావ అరచెయ్యి, అక్క కళ్లు, అత్త చేతిలో బెల్లం ముక్క, అందరి వెనక చిన్నాయన. అందులో నేను లేను. నా చెయ్యి ఒక్కటే ఉంది, ఫ్రేము పక్క నుంచి వచ్చి, బిడ్డ చెవికి హెడ్‌ఫోను పట్టుకుని. వేళ్ల నిండా పసుపు. చూసినవాళ్లు అది మంగళకార్యం కాబట్టి అనుకుంటారు. నేనూ అవునంటాను. అన్నీ తెలుసనుకుని అన్నిటికీ అవును అని నొక్కిన ఆ పిల్లవాడి మీద నాకు ఇప్పుడు కోపం లేదు. వాడు ఆ హెడ్‌ఫోనును గట్టిగానే పట్టుకున్నాడు.